మీ ప్రశ్నలు – మా జవాబులు: సాక్సులో దాచిన రీలు

గత సంచికలో సామ్ న్జీమా 1976 జూన్ 16న సోవెటోలో తీసిన ఫోటో వెనుక కథ వేశాం. దక్షిణాఫ్రికాలో వర్ణవివక్ష ప్రభుత్వం నడుస్తున్న రోజులవి. ఆఫ్రికాన్స్ భాషలో చదవమంటే కుదరదని పిల్లలు వీధుల్లోకి వచ్చారు, పోలీసులు కాల్చారు. తూటా తగిలిన 12 ఏళ్ల హెక్టర్ పీటర్సన్‌ని మరో కుర్రాడు చేతుల మీద వేసుకుని పరుగెడుతుంటాడు, పక్కనే అక్క ఏడుస్తూ పరుగెడుతుంటుంది. అదీ ఆ ఫోటో. వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం ‘అసలు ఆ రీలు బయటికి ఎలా వచ్చింది’ అనే అడిగాయి. అడగాల్సిన ప్రశ్నే. ఆ దేశంలో ఫోటో తీయడానికి పట్టేది సెకనులో 500వ వంతు, మిగతా బతుకంతా దాన్ని కాపాడుకోవడానికే సరిపోయేది.

రీలును సాక్సులో దాచారని రాశారు. పోలీసులు కెమెరా తెరిచి చూడలేదా? వెలుతురు తగిలితే రీలు పాడైపోదా?
– రాజమండ్రి పాఠకుడు

చూశారు. తెరిపించారు, మిగతా రీళ్లన్నీ పాడు చేయించారు కూడా. కాకపోతే అప్పటికి అసలు రీలు కెమెరాలో లేదు. న్జీమా తన పెంటాక్స్ ఎస్ఎల్‌తో వరసగా 6 ఫ్రేములు కొట్టి, వెంటనే రీలు తీసి సాక్సులో దోపుకుని, కొత్తది ఎక్కించుకున్నారు. అది పత్రిక కారు డ్రైవరు చేతిలోంచి, ఆయన పనిచేసే ‘ది వరల్డ్’ పత్రిక ఆఫీసుకు చేరింది.

‘తీసి దాచారు’ అని ఒక్క మాటలో అనేస్తాం గానీ అందులో పని చాలా ఉంది. 35 మి.మీ. రీలు డబ్బా దాదాపు 5 సెం.మీ. ఎత్తు, 2.5 సెం.మీ. లావు. చీలమండ పైన లోపలి వైపు పెడితే ప్యాంటు అంచు కప్పేస్తుంది. జేబులు తడిమే పోలీసు అంత కిందికి వంగడం అరుదు. ఇక కెమెరా లోంచి తీయడం. ఫోటోలు పడిన ఫిల్మ్ డబ్బాలో ఉండదు, కుడివైపు చుట్టకి చుట్టుకుని ఉంటుంది. అడుగున ఉన్న చిన్న బొత్తాం నొక్కి, ఎడమ చేతి వైపు పిడి ఎత్తి, బాణం గుర్తు చూపిన వైపు తిప్పుతూ అంతా వెనక్కి డబ్బాలోకి చుట్టాలి. 36 ఫ్రేములూ అయిపోతే ఒకటిన్నర మీటర్ల పైచిలుకు ఫిల్మ్ అది, 15 – 20 సెకన్లు పడుతుంది. అదే 6 ఫ్రేములైతే నాలుగైదు సెకన్లు. అందుకే గొడవల్లో తిరిగేవాళ్లు రీలు పూర్తయ్యేదాకా ఆగరు. ముఖ్యమైన ఫోటో పడిందనిపిస్తే పదో ఫ్రేము దగ్గరైనా తీసేస్తారు. మిగిలిన పాతిక ఫ్రేములు దండగ. పోతే పోనీ.

ఇక్కడ తరచూ జరిగే పొరపాట్లు రెండు. ఒకటి, ఫిల్మ్ నాలుక (డబ్బా బయటికి ఉండే మొన) బయటికి ఉండగానే చుట్టడం ఆపేయడం. కంగారులో అదే రీలును కొత్తదనుకుని మళ్లీ ఎక్కిస్తారు. ఒక ఫోటో మీద ఇంకో ఫోటో పడి రెండూ పోతాయి. అందుకని వాడిన రీలు నాలుకను పూర్తిగా లోపలికి లాగేయడం అలవాటు చేసుకుంటారు. రెండు, కొత్త రీలు నాలుక చుట్టకి సరిగా పట్టకపోవడం. ఫిల్మ్‌ని జరిపే లివరు తిరుగుతుంది, షట్టరు చప్పుడూ వస్తుంది, ఫిల్మ్ మాత్రం కదలదు. మూత వేశాక లివరు తిప్పినప్పుడు ఎడమ పక్క పిడి కూడా తిరుగుతోందా లేదా చూసుకుంటే చాలు. అది తిరగకపోతే ఆ రోజు మీరు తీసినవన్నీ గాల్లో తీసినట్టే.

వెలుతురు సంగతి. కెమెరా వెనుక మూత ఒక్క క్షణం తెరిచి మూసేస్తే రీలు మొత్తం పోదు. పైనున్న ఒకటి రెండు చుట్లు, లెన్సు ఎదుట ఉన్న ఫ్రేము నల్లబడతాయి. లోపలి చుట్లకి అంచుల్లో మాత్రం పొగ కమ్మినట్టు మచ్చ పడుతుంది, బొమ్మ మిగులుతుంది. మొదట తీసిన ఫ్రేములే అన్నిటికంటే లోపల ఉంటాయి కాబట్టి బతికే అవకాశం వాటికే ఎక్కువ. కానీ తెలిసిన పోలీసు మూత తెరిచి ఊరుకోడు, ఫిల్మ్ పట్టుకుని మూరెడు మూరెడుగా బయటికి లాగుతాడు. ఇక అందులో ఏమీ మిగలదు. అందుకే ఇంకో రీలు, ఊరకే జనాన్నీ వీధినీ తీసిందొకటి, చొక్కా జేబులో సిద్ధంగా ఉంచుకుంటారు. అడిగితే కాసేపు బతిమాలి, ఏడుపు మొహం పెట్టి అది ఇవ్వాలి. వెంటనే ఇచ్చేస్తే అనుమానం వస్తుంది.

రొట్టెలో, బైబిల్లో కెమెరా పెట్టి ఫోటోలు తీశారని ఎక్కడో చదివాను. నిజంగా కుదిరే పనేనా? నేను ఫోటోగ్రఫీ నేర్చుకుంటున్నాను.
– కరీంనగర్ విద్యార్థి

కుదిరింది. చేసినాయన పీటర్ మగుబానే. ‘డ్రమ్’ పత్రికలో డ్రైవరుగా చేరి, డార్క్‌రూమ్‌లో పని నేర్చుకుని ఫోటోగ్రాఫరు అయ్యారు. ఒకసారి బైబిలు లోపలి కాగితాలు కోసి గుల్ల చేసి, అందులో లైకా కెమెరా అమర్చి, కేబుల్ రిలీజ్ (దూరం నుంచి షట్టరు నొక్కే తీగ) జేబులోకి తెచ్చి నొక్కారు. ఇంకోసారి జీరస్ట్ ఊళ్లో ఆడవాళ్ల పాసుబుక్కుల (నల్లవాళ్లు ఎప్పుడూ వెంట ఉంచుకోవాల్సిన అనుమతి పుస్తకాలు) గొడవ మీద విచారణ జరుగుతుంటే విలేఖరుల్ని రానివ్వలేదు. సగం రొట్టెను తొలిచి కెమెరాను అందులో పెట్టి, తింటున్నట్టు నటిస్తూ తీశారు. తినగా తినగా రొట్టె చిన్నదైపోయింది. పాల డబ్బా కొని కెమెరాను అందులోకి మార్చారు.

వినడానికి సరదాగా ఉంటుంది. పనివాడి కళ్లతో చూస్తే ఇందులో ప్రతి మెట్టు దగ్గరా చెడిపోయే అవకాశం ఉంది.

మొదటిది చప్పుడు. అద్దం పైకి లేచి పడే ఎస్ఎల్ఆర్ కెమెరా కోర్టు హాలులో ‘టప్’ మంటుంది. లైకాలో అద్దం లేదు, గుడ్డ షట్టరు. దగ్గు చాలు దాన్ని కప్పడానికి.

రెండోది చూపు. కంటికి ఆనించకుండా తీయాలి కాబట్టి గురి అంచనాయే. 50 మి.మీ. లెన్సు కోణం 46 డిగ్రీలు, 35 మి.మీ. అయితే 63 డిగ్రీలు. వెడల్పు లెన్సు వేసుకుంటే గురి కాస్త తప్పినా మనిషి ఫ్రేములో ఉంటాడు, తర్వాత ప్రింటు వేసేటప్పుడు కత్తిరించుకోవచ్చు. కొత్తవాళ్లు చేసే తప్పు కెమెరాను పైకి వాల్చడం. ఒళ్లో ఉన్న పుస్తకం సహజంగానే పైకి చూస్తుంది, రీలు కడిగితే అన్నీ కప్పులూ దూలాలే.

మూడోది కన్నం. లెన్సు ముందు రొట్టె గోడ 2 సెం.మీ. మందం ఉందనుకోండి. లెన్సు అద్దం వెడల్పు 3 సెం.మీ. అయితే, 35 మి.మీ. లెన్సుకి కన్నం బయటి వైపు 5 సెం.మీ. పైగా ఉండాలి, లేకపోతే నాలుగు మూలలా నల్లటి గుండ్రపు నీడ పడుతుంది. అంత కన్నం ఎవరికైనా కనబడుతుంది. కాబట్టి గోడ మందం తగ్గించుకోవాలి, లెన్సును అంచుకి దగ్గరగా జరపాలి. రొట్టె లోపలి మెత్తన పూర్తిగా గోకేసి గుడ్డ పరవకపోతే పొడి వెళ్లి షట్టరు గుడ్డ దగ్గర ఇరుక్కుంటుంది.

నాలుగోది ఫోకస్. ఎండలో అయితే చిక్కు లేదు. 400 ఫిల్మ్, ఎపర్చర్ ఎఫ్ 11, షట్టరు 1/1000. 35 మి.మీ. లెన్సును 3.7 మీటర్ల దగ్గర పెట్టి వదిలేస్తే సుమారు 1.9 మీటర్ల నుంచి దూరంగా ఉన్న కొండ దాకా అన్నీ స్పష్టంగా వస్తాయి. ఇంక ముట్టుకోనక్కర్లేదు. హాల్లోకి వస్తే కథ మారుతుంది. కిటికీ వెలుతురులో 1/30, ఎఫ్ 2.8 దాకా దిగాలి. 50 మి.మీ. లెన్సుని 4 మీటర్లకు పెడితే స్పష్టంగా వచ్చేది 3.5 నుంచి 4.6 మీటర్ల మధ్యలో ఉన్నవాళ్లే. అంటే బెంచీ ఎక్కడ దొరుకుతుందో, బోను ఎంత దూరమో ముందురోజే అడుగులతో కొలుచుకుని రావాలి. 1/30కి చెయ్యి వణికినా పోతుంది. పుస్తకం ఒళ్లో ఆనించి, ఊపిరి సగం వదిలి నొక్కాలి.

అన్నిటికంటే పెద్ద ఇబ్బంది ఎవరికీ తట్టదు. కేబుల్ రిలీజ్ షట్టరును నొక్కుతుంది గానీ తర్వాతి ఫ్రేముకు ఫిల్మ్‌ని జరపదు. బైబిలు మూసి ఉండగా మీకు దక్కేది ఒక్క ఫోటో. రెండోది కావాలంటే పుస్తకం తెరిచి వేలు పెట్టాలి. ఆ లెక్కన రొట్టే నయం, అందులో చెయ్యి పెడితే ఎవరూ ఏమీ అనుకోరు.

మరో నల్లజాతి ఫోటోగ్రాఫరు ఎర్నెస్ట్ కోల్ ఇంకా సాదాగా పనిచేశారు. గనుల్లోకి కూలీలను తీసుకునే చోట బట్టలు విప్పించి గోడకు నిలబెట్టి పరీక్ష చేసేవారు. అక్కడికి మధ్యాహ్నం టిఫిను పట్టుకెళ్లే కాగితం సంచిలో కెమెరా దాచి తీసుకెళ్లారు. కాగితానికి బరువు లేదు, పొడి రాలదు, అందరి చేతుల్లోనూ ఉండేదే. మా ఓటు కాగితం సంచికే.

జైలు ఫోటో తీయడం కూడా నేరమా? ఏ చట్టం కింద పట్టుకునేవారు?
– ఒంగోలు న్యాయవాది

జైలు ఫోటోయే అసలు నేరం. దీనికి మూలం 1954లో ఉంది. ‘డ్రమ్’ విలేఖరి హెన్రీ న్‌జుమాలో కావాలనే పాసు లేకుండా పట్టుబడి, జొహానెస్‌బర్గ్ జైల్లో 5 రోజులు గడిపి వచ్చారు. ఖైదీలను బట్టల్లేకుండా ఎగిరించి, ఒంట్లో ఏమీ దాచలేదని చూపించుకోమనేవారు. దానికి ‘తౌజా’ అని పేరు. మాటతో రాస్తే ఎవరు నమ్ముతారు? ఫోటో కావాలి. బాబ్ గోసాని పక్కనున్న నర్సుల హాస్టలు డాబా ఎక్కి, పొడవాటి టెలిఫోటో లెన్సుతో జైలు వాకిలిని తీశారు. ఆఫీసులో పనిచేసే తెల్లావిడకు ఊరు వెనక కనబడేలా ఫోటో తీస్తున్నామన్న నెపంతో పైకి వెళ్లారు. ఆ ఫోటో అచ్చయ్యాక దేశమంతా గగ్గోలెత్తింది. 1959లో వచ్చిన జైళ్ల చట్టం జైలునూ ఖైదీనీ ఫోటో తీయడం, అచ్చు వేయడం నేరం చేసింది. జైళ్ల గురించి ‘అబద్ధం’ రాయడమూ నేరమే. తగిన జాగ్రత్త తీసుకునే రాశానని రుజువు చేసుకునే బరువు పత్రిక నెత్తినే పడింది. మీరు న్యాయవాది కాబట్టి ఆ బరువు తిరగేయడంలో ఎంత గడుసుతనముందో వేరే చెప్పక్కర్లేదు.

దీనికి తోడు రోజువారీ పాసు చట్టాలు. నల్లజాతి ఫోటోగ్రాఫరు పాసుబుక్కు లేకుండా రోడ్డు మీద కనబడితే చాలు, కెమెరా ఊసే అక్కర్లేదు. అనుమతి లేని పట్నంలో 72 గంటలకు మించి ఉండకూడదు. కోల్ అందుకే తన ఇంటిపేరు ‘కోలే’ని ‘కోల్’గా మార్చుకుని, ‘కలర్డ్’ (మిశ్రమ జాతి) వర్గంలో రాయించుకున్నారు. ఆ ఒక్క కాగితంతో పాసు బెడద తప్పింది, తిరిగే వీలు దొరికింది.

1985 జులైలో కొన్ని జిల్లాల్లో ఎమర్జెన్సీ పెట్టారు. నవంబరు 2న మరో ఉత్తర్వు వచ్చింది. ఎమర్జెన్సీ ప్రాంతాల్లో అల్లర్లను ఫోటో తీయడం, వీడియో తీయడం, ఆఖరికి చప్పుడు రికార్డు చేయడం కూడా నిషేధం. శిక్ష 10 ఏళ్ల దాకా జైలు, లేదా 20 వేల రాండ్ల జరిమానా. దానికి రెండున్నర వారాల ముందే, అక్టోబరు 15న, కేప్‌టౌన్‌లోని అథ్లోన్‌లో పోలీసులు లారీ మీద పెట్టెల్లో దాక్కుని వచ్చి పిల్లల మీద కాల్చడం అమెరికా టీవీ కెమెరాకు దొరికిపోయింది. 1986 జూన్ 12న ఎమర్జెన్సీ దేశమంతటికీ పాకింది.

విచారణే అక్కర్లేని ‘బ్యానింగ్’ శిక్ష వేరే ఉంది. మగుబానేను 1969లో పట్టుకుని ఏకాంతంలో ఉంచారు. ఆయన ఏకాంతంలో గడిపింది మొత్తం 586 రోజులు. వదిలాక ఐదేళ్ల బ్యానింగ్. అంటే కెమెరా పట్టకూడదు, ఒకేసారి ఒకరికి మించి మనుషుల్ని కలవకూడదు. అది మీరారని 1971లో మళ్లీ జైలు. ఆంక్ష తీరి బయటికొచ్చిన కొద్ది నెలలకే సోవెటో. అక్కడ ముక్కు పగిలింది, ఇల్లు తగలబడింది, ఇంకో 123 రోజులు లోపల. 1985లో ఒక విద్యార్థి అంత్యక్రియల దగ్గర నడుము కింద 17 చిన్న గుండ్లు తగిలాయి. ఆయన 2024 జనవరి 1న, 91 ఏళ్ల వయసులో, పడక మీద పోయారు.

మండేలా ఎలా ఉంటారో 27 ఏళ్లు ఎవరికీ తెలియదంటారు. నిజమా?
– అనంతపురం పాఠకురాలు

జనానికి కొత్త ఫోటో దాదాపు అందుబాటులో లేదన్నది నిజం. ఖైదీ ఫోటో వేయకూడదన్న ఆ 1959 చట్టమే కారణం. 1990 ఫిబ్రవరి 11న ఆయన గేటు దాటి బయటికి వస్తుంటే చూసినవాళ్లలో చాలామందికి తెలిసిన ముఖం 1960ల నాటిది, గడ్డంతో, నల్లటి జుట్టుతో.

ఉద్యోగం మీద డర్బన్‌లో ఉంటున్నాను. ఇక్కడ నాయుడు, రెడ్డి, అప్పలసామి లాంటి పేర్లు బోర్డుల మీద కనబడతాయి. మనవాళ్లెవరైనా ఈ ఫోటోగ్రాఫర్లలో ఉన్నారా?
– గుంటూరు పాఠకురాలు

1860 నుంచి 1911 దాకా చెరుకు తోటల కోసం డర్బన్ ఉన్న నేటాల్‌కు 1,52,184 మంది భారతీయ కూలీలు వెళ్లారు. ఎక్కువమంది మద్రాసు రేవులో ఓడెక్కినవాళ్లే, వారిలో తమిళులూ మన తీరాంధ్ర వాళ్లూ ఉన్నారు. 1931లో అక్కడ పెట్టుకున్న ఆంధ్ర మహాసభ ఇప్పటికీ నడుస్తోంది, మీకు దగ్గర్లోనే. వెళ్లి రండి.

భారత సంతతి ఫోటోగ్రాఫర్లలో ఇద్దరి పని డర్బన్‌లో ఉన్నవాళ్లు తప్పక చూడాలి. రంజిత్ కల్లీ, 1925లో ఇసిపింగోలో పుట్టారు. చెప్పుల ఫ్యాక్టరీలో పనిచేస్తూ, పాత సామాన్ల అమ్మకంలో దొరికిన చిన్న కొడాక్ కెమెరాతో మొదలుపెట్టి ‘డ్రమ్’ డర్బన్ ఆఫీసు దాకా వచ్చారు. రెండో ఆయన ఒమర్ బాద్షా, పుట్టింది 1945లో. 1979లో ఆయన పుస్తకాన్ని ప్రభుత్వం నిషేధించింది, పాస్‌పోర్టు ఏళ్ల తరబడి ఇవ్వలేదు. 1982లో మరికొందరితో కలిసి ‘ఆఫ్రాపిక్స్’ అనే ఫోటోగ్రాఫర్ల సహకార సంఘం పెట్టారు. నల్లవాళ్లు, తెల్లవాళ్లు, భారతీయులు ఒకే డార్క్‌రూమ్‌లో పనిచేయడమే ఆనాటికి పెద్ద సంగతి. జొహానెస్‌బర్గ్‌లో చర్చిల మండలి భవనం ఖోత్సో హౌస్‌లో ఆఫీసు ఉండేది. 1988 ఆగస్టు 31న దాన్ని బాంబు పెట్టి పేల్చారు. సంఘం 1991లో మూతపడింది.

ఇక్కడో సంగతి. భారతీయులకు పాసుబుక్కు లేదు గానీ, 1970ల నడిమి దాకా ఒక రాష్ట్రం నుంచి ఇంకో రాష్ట్రానికి వెళ్లాలంటే పర్మిట్ కావాలి. అంటే డర్బన్ ఫోటోగ్రాఫరు జొహానెస్‌బర్గ్‌లో గొడవ జరిగిందని విని అదే రాత్రి కారెక్కి బయల్దేరడానికి లేదు.

ఫోటోలో పడినవాళ్ల గతేమిటి? వాళ్లని ప్రమాదంలోకి నెట్టినట్టు కాదా?
– హైదరాబాద్ పాఠకురాలు

వచ్చిన ఉత్తరాల్లో మమ్మల్ని ఎక్కువసేపు కూర్చోబెట్టింది ఇదే. కొన్నిసార్లు నెట్టినట్టే.

హెక్టర్‌ని ఎత్తుకున్న కుర్రాడి పేరు మ్‌బుయిసా మఖుబో, 18 ఏళ్లు. తీసుకెళ్లి కారులో పడుకోబెట్టడమే అతను చేసింది. ఫోటో ప్రపంచమంతా తిరిగాక పోలీసులు వెంటపడ్డారు. బోట్స్వానా మీదుగా దేశం వదిలాడు, 1978లో నైజీరియా నుంచి తల్లికి ఉత్తరం రాశాడు. ఆ తర్వాత జాడ లేదు. న్జీమా కూడా ఉద్యోగం వదిలి లిల్లీడేల్ అనే సొంతూరికి వెళ్లిపోతే, అక్కడికీ వచ్చి 19 నెలలు గృహ నిర్బంధంలో పెట్టారు.

సోవెటోలో పిల్లలు మొదట ఫోటోగ్రాఫర్లను అడ్డుకున్నారు. ముఖాలు పోలీసుల చేతికి చిక్కుతాయని భయం, అది ఉత్త భయమూ కాదు. పోరాటానికి ఆధారం మిగలకపోతే అది జరగనట్టే అవుతుందని మగుబానే వాళ్లకు నచ్చజెప్పి కెమెరా పైకెత్తారు. ఇద్దరి మాటలోనూ న్యాయముంది.

పని చేసే చోట దీనికి కొన్ని పద్ధతులున్నాయి. గుంపు వెనుక నుంచి తీస్తే పిల్లల వీపులు, పోలీసుల ముఖాలు పడతాయి. రాయి విసిరే చెయ్యి దగ్గరగా, ముఖం ఫ్రేము బయట. మధ్యాహ్నపు ఎండలో టోపీ అంచు నీడ ముఖాన్ని మింగేలా ఎక్స్‌పోజరు ఒక మెట్టు తగ్గించడం. పేర్లు రాసుకునే పుస్తకంలో అసలు పేరు బదులు గుర్తులు రాసుకుని, నెగటివులు ఒక ఇంట్లో, పుస్తకం ఇంకో ఇంట్లో ఉంచడం.

ఎక్కువమంది మర్చిపోయేది కాంటాక్ట్ షీటుని, అంటే రీలులోని ఫ్రేములన్నీ చిన్నగా ఒకే కాగితం మీద వేసిన ప్రింటుని. పత్రికలో వేసింది ఒక్క ఫోటోయే అయినా, షీటు మీద 36 ఫ్రేములూ వరుసగా ఉంటాయి. ముందేం జరిగిందో, తర్వాతేం జరిగిందో, పక్కన ఎవరున్నారో అన్నీ. పోలీసులకు కావలసింది అదే. 1977 నాటి క్రిమినల్ ప్రొసీజర్ చట్టంలో 205వ సెక్షను కింద విలేఖరిని పిలిపించి ‘ఎవరు వీళ్లు’ అని అడగొచ్చు, చెప్పకపోతే జైలు. ఎత్తుకుపోతే చేటు చేసే షీటును ఆఫీసులో ఉంచకపోవడం కంటే మంచి ఉపాయం లేదు.

మన ఎమర్జెన్సీలో ఇలాంటివి జరిగాయా?
– తెనాలి పాఠకుడు

1975 జూన్ 25 రాత్రి ఢిల్లీలో పత్రికలుండే బహదూర్ షా జఫర్ మార్గ్‌లో కరెంటు తీసేశారు. ఆ తర్వాత ఫోటో అయినా వార్త అయినా సెన్సారు అధికారి చూశాకే అచ్చు. జూన్ 28న ‘ఇండియన్ ఎక్స్‌ప్రెస్’ సంపాదకీయం చోటు ఖాళీగా వదిలింది. వెంటనే ఖాళీలు వదలకూడదని సెన్సారు ఆదేశాలిచ్చింది. దక్షిణాఫ్రికాలో 1986లో పత్రికలు కొట్టేసిన వాక్యాల మీద నల్లపట్టీలు వేసి అచ్చేస్తే, ఆ ఏడాది డిసెంబరులో ఖాళీలనూ పట్టీలనూ నిషేధించారు. ఒకరి పుస్తకం చూసి ఇంకొకరు రాసినట్టు లేదూ!

ఫోటోను దేశం దాటించడమెలా? అప్పట్లో ఈమెయిలు లేదు కదా.
– నెల్లూరు స్టూడియో యజమాని

రెండు దారులు. తొందర ఉంటే టెలిఫోను, లేకపోతే మనిషి.

టెలిఫోను దారికి ముందు ఫోటో కడగాలి. ట్రై-ఎక్స్ ఫిల్మ్, డి-76 మందు, 20 డిగ్రీల దగ్గర 7 – 8 నిమిషాలు. వెలుతురు చాలక 1600కి తీస్తే నాలుగో వంతు నుంచి సగం దాకా ఎక్కువ సేపు ఉంచాలి. హైపోలో (బొమ్మను నిలిపే మందు) 5 నుంచి 10 నిమిషాలు. అరగంట నీళ్లలో కడగాల్సింది ఐదు నిమిషాలకే తీసేసి, తడి నెగటివునే ఎన్‌లార్జరులో పెట్టి ప్రింటు వేసేవారు. ఆ రోజుకి పని అయిపోతుంది. కానీ హైపో మిగిలిపోయిన నెగటివు కొన్నేళ్లకు పసుపుపచ్చగా మచ్చలు కడుతుంది, కాబట్టి ఊపిరి పీల్చుకున్నాక మళ్లీ కడగాలి. ఆ ‘మళ్లీ’ జరగని నెగటివులు ప్రతి పాత పత్రికాఫీసులోనూ ఉంటాయి, మీ స్టూడియోలోనూ ఉంటాయేమో చూసుకోండి.

8 × 10 అంగుళాల ప్రింటు అంచున వివరం టైపు చేసి అతికించి, గొట్టం లాంటి డ్రమ్ముకి చుట్టి తిప్పితే, దీపం దాన్ని గీత గీతగా చదివి టెలిఫోను లైను మీద చప్పుడుగా పంపుతుంది. నలుపు తెలుపు ఫోటోకి దాదాపు 10 నిమిషాలు. రంగు ఫోటో అయితే మూడు రంగులకూ మూడుసార్లు. మధ్యలో లైను గరగరలాడితే ఫోటో మీద అడ్డచారలు పడతాయి. తెగితే మొదటికొస్తుంది. లైను మీద చాటుగా వినేవాళ్లుంటే తెగడం మామూలే.

మనిషి దారి అంటే విమానం ఎక్కే ప్రయాణికుడి చేతికివ్వడం. దీనికి కడగని రీలే మేలు. కడిగిన నెగటివును దీపం కేసి పట్టుకుంటే ఎవరికైనా అర్థమవుతుంది, కడగని రీలులో ఏముందో అధికారికి తెలియదు. ఆఫ్రాపిక్స్ ఫోటోలు చాలావరకు లండన్‌లోని అంతర్జాతీయ డిఫెన్స్ అండ్ ఎయిడ్ ఫండ్‌కు చేరేవి, అక్కడి నుంచి ప్రపంచ పత్రికలకు. వర్ణవివక్ష కేసుల్లో ఇరుక్కున్నవాళ్లకు సాయం చేసే సంస్థ అది, దక్షిణాఫ్రికాలో దాని పేరే 1966 నుంచి నిషేధంలో ఉండేది.

అంత కష్టపడి తీసిన నెగటివులు ఇప్పుడెక్కడున్నాయి? మా తాతగారి పాత నెగటివులు ఒక రేకు పెట్టెలో ఉన్నాయి, వాటికీ ఏదైనా చెప్పండి.
– కాకినాడ పాఠకుడు

ఎర్నెస్ట్ కోల్‌వి చెబుతాం. 1966లో దేశం వదిలారు. 1967లో న్యూయార్క్‌లో ఆయన పుస్తకం వచ్చింది, సొంతదేశంలో నిషేధించారు. తర్వాత అమెరికాలో చేతిలో డబ్బు లేక, కెమెరాలు కూడా పోగొట్టుకుని, 1990 ఫిబ్రవరిలో, మండేలా విడుదలైన నెలలోనే చనిపోయారు. నెగటివులు పోయాయనే అందరూ అనుకున్నారు. 2017లో స్వీడన్‌లో ఒక బ్యాంకు లాకర్లలోంచి 60 వేల దాకా బయటపడ్డాయి. చల్లగా, పొడిగా, చీకట్లో ఉన్నాయి కాబట్టి బతికాయి.

మీ రేకు పెట్టెకి చీకటి ఉంది గానీ చల్లదనం, పొడితనం లేవు. ముందు మూత తీసి వాసన చూడండి. పుల్లటి వెనిగర్ వాసన వస్తే ఎసిటేట్ ఫిల్మ్ కుళ్లడం మొదలైనట్టే. ఆ నెగటివుల్ని వెంటనే విడిగా పెట్టండి, ఆ ఆవిరి పక్కవాటినీ పాడు చేస్తుంది. వాటినే ముందు స్కాన్ చేయించాలి. రేకు పెట్టెలో గాలాడదు, అందుకే అందులో జబ్బు త్వరగా ముదురుతుంది. వాసన లేనివాటిని 6 ఫ్రేములకో ముక్క చొప్పున నెగటివు కవర్లలో పెట్టి, అట్టపెట్టెలోకి మార్చండి. పీవీసీ కవర్లు వద్దు, పాలియెస్టర్ గానీ ఆమ్లం లేని కాగితం గానీ వాడండి. గాలిలో తేమ 30 నుంచి 50 శాతం మధ్య ఉండాలి. కాకినాడలో అది మామూలుగా సాధ్యం కాదు కాబట్టి పెట్టెలో సిలికా జెల్ పొట్లాలు వేసి, రంగు మారినప్పుడల్లా వేడిచేసి మళ్లీ పెట్టండి. ఒకదానికొకటి అతుక్కున్నవాటిని గోటితో విడదీయొద్దు, పైపొర ఊడొస్తుంది.

ఆ ఫోటోకి వచ్చిన డబ్బు న్జీమాకి దక్కిందా?
– వరంగల్ పత్రికా ఫోటోగ్రాఫరు

చాలాకాలం దక్కలేదు. హక్కులు పత్రిక కంపెనీవి. ఆ పత్రికను 1977 అక్టోబరులో ప్రభుత్వం మూయించింది, హక్కులు మాత్రం యాజమాన్యాలు మారుతూ పోయాయి. 1998లో ఆయన పేరుకు వచ్చాయి, అంటే 22 ఏళ్లకి. 2018లో పోయారు.

మీ విషయానికొస్తే, మన 1957 కాపీరైట్ చట్టం 17వ సెక్షను చదువుకోండి. పత్రికలో ఉద్యోగిగా ఉండి తీసిన ఫోటోను పత్రికల్లో వేసుకునే హక్కు యజమానిది. వేరే ఒప్పందం లేకపోతే పుస్తకం, ప్రదర్శన, ప్రకటన లాంటి మిగతావన్నీ మీవి. అదే ఎవరో డబ్బిచ్చి తీయించుకున్న ఫోటో అయితే, వేరే ఒప్పందం లేనంతవరకు హక్కు తీయించుకున్నవాళ్లది. కాబట్టి చేరేటప్పుడు సంతకం పెట్టిన కాగితంలో ‘అన్ని హక్కులూ’ అన్న మాట ఉందేమో ఒకసారి తీసి చూడండి.